ఇయర్ 6 సాట్స్: ఇంగ్లిష్ పేపర్లకు మార్కులెలా వేస్తారో ఇంట్లోనే తెలుసుకోవడం ఎలా?

ఇంగ్లండ్‌లో ఇయర్ 6, అంటే ప్రైమరీ స్కూల్ చివరి ఏడాది, చదివే పిల్లలున్న తెలుగు ఇళ్ళకు జూలైలో ఒక కాగితం వస్తుంది. సాట్స్ అనే జాతీయ పరీక్షల ఫలితాలవి. రీడింగ్ 104, గ్రామర్ 109 అని ఉంటుంది. రైటింగ్ దగ్గర అంకే ఉండదు, మూడు అక్షరాలుంటాయి. ఇండియా నుంచి తాతయ్య ఫోన్ చేసి అడిగేది మాత్రం ఒకటే: "ఎన్నికి ఎన్ని?" నూటికి నూట నాలుగు ఎలా వచ్చాయో ఆయనకు చెప్పేసరికి తల ప్రాణం తోకకొస్తుంది.

నిజానికి ఇందులో రహస్యమేమీ లేదు. పాత ప్రశ్నపత్రాలు, వాటిని దిద్దేవాళ్ళు పాటించే మార్క్ స్కీములు గవ్.యూకే అనే ప్రభుత్వ వెబ్‌సైట్‌లో ఉచితంగా దొరుకుతాయి. డబ్బు పోసి ప్రాక్టీస్ పుస్తకాలు కొనేవాళ్ళలో చాలామంది ఈ మార్క్ స్కీము తెరిచి కూడా చూడరు. అది చదివితే ఒక సంగతి తెలుస్తుంది. చాలా మార్కులు పోయేది ఇంగ్లిష్ రాక కాదు, ప్రశ్న అడిగిన పని చేయక. అందుకే మీరే ఒకసారి మార్కర్ కుర్చీలో కూర్చుని చూడండి. ఎలాగో చెబుతాను.

ముందు ఏ పేపర్ ఏమిటో తెలుసుకోండి

సాట్స్ మే నెలలో సోమవారం నుంచి గురువారం దాకా జరుగుతాయి. సోమవారం గ్రామర్, పంక్చువేషన్, స్పెల్లింగ్. స్కూళ్ళలో దీన్నే స్పాగ్ అనో జీపీఎస్ అనో అంటారు. ఇందులో మొదటి పేపర్ 45 నిమిషాలు, 50 మార్కులు. రెండోది స్పెల్లింగ్: టీచర్ చదువుతుంటే 20 మాటలు రాయాలి, మాటకో మార్కు. మంగళవారం రీడింగ్: 60 నిమిషాలు, 50 మార్కులు. పాఠాలు మూడూ చదువుకోవడానికి వేరే టైమ్ ఇవ్వరు, ఆ గంటలోనే చదవాలి, ఆ గంటలోనే రాయాలి. బుధ, గురువారాలు మ్యాథ్స్. రైటింగ్‌కు అసలు పరీక్షే లేదు, దాని సంగతి తర్వాత చెబుతాను.

ఈ పేపర్లను మీ స్కూల్ టీచర్లు దిద్దరు. కట్టగట్టి బయటికి పంపిస్తారు, అక్కడ స్కాన్ చేస్తారు, శిక్షణ తీసుకున్న మార్కర్లు స్క్రీన్ మీద చూసి మార్కులు వేస్తారు. "వాడు చెప్పాలనుకున్నది ఇదీ" అని వకాల్తా తీసుకోవడానికి క్లాస్ టీచర్ అక్కడ ఉండదు. కాగితం మీద కనిపించిందే జవాబు.

100 అంటే నూటికి నూరు కాదు

పిల్లవాడికి నిజంగా వచ్చిన మార్కులు రా స్కోర్. దాన్ని ఒక పట్టిక ప్రకారం 80 నుంచి 120 మధ్య ఉండే స్కేల్డ్ స్కోర్‌గా మారుస్తారు. 100 వస్తే ఆ వయసుకు ఉండాల్సిన స్థాయి అందుకున్నట్టు. 110, ఆ పైన వస్తే హై స్కోర్. రిపోర్టులో ఏఎస్ అని ఉంటే స్థాయి అందుకున్నట్టు, ఎన్ఎస్ అంటే అందుకోనట్టు.

మన బుర్రలు తికమకపడేది ఇక్కడే. మనం 35 పాస్ మార్కులతో పెరిగినవాళ్ళం. అక్కడ పేపర్ కష్టంగా వచ్చినా తేలిగ్గా వచ్చినా గీత మాత్రం కదలదు. ఇక్కడ ప్రతి ఏడాదీ పేపర్ ఎంత కష్టంగా ఉందో లెక్కగట్టి గీతనే జరుపుతారు. రీడింగ్‌లో 100 స్కేల్డ్ స్కోర్ రావడానికి 2016లో 50కి 21 చాలు. 2019లో 28 కావాల్సి వచ్చింది, 2022లో 29. 2023లో రీడింగ్ పేపర్ మరీ కష్టంగా వచ్చిందని తల్లిదండ్రులు, హెడ్ టీచర్లు గగ్గోలు పెట్టారు. ఆ ఏడాది గీత 24కు దిగింది. అంటే 50కి 26 తెచ్చుకున్న పిల్ల 2022లో గీత కింద, 2023లో గీత పైన. గ్రామర్‌లో, అంటే రెండు పేపర్లు కలిపి 70 మార్కులకు, 2016లో 43 కావాల్సి వస్తే 2023లో 36 సరిపోయాయి.

కాబట్టి ఇంట్లో 2019 పేపర్ రాయిస్తే 2019 పట్టికే పక్కన పెట్టుకోండి. ఒక ఏడాది పేపర్‌కు ఇంకో ఏడాది పట్టిక వాడితే వచ్చే అంకెకు అర్థం లేదు. "పోయిన వారం 31, ఈ వారం 27, తగ్గిపోయాడు" అని పిల్లవాడి మీద పడకముందు రెండూ ఏ ఏడాది పేపర్లో చూసుకోండి.

ఇంకో మాట. ఇందులో వయసును బట్టి సర్దుబాటు ఉండదు. సెప్టెంబరులో పుట్టిన పిల్లకూ, దాదాపు ఏడాది చిన్నదైన ఆగస్టు పిల్లకూ ఒకే పట్టిక. పరీక్ష పెట్టి పిల్లలను చేర్చుకునే గ్రామర్ స్కూళ్ళ ఎలెవెన్ ప్లస్ ప్రవేశ పరీక్షల్లో మామూలుగా వయసును లెక్కలోకి తీసుకుంటారు. అక్కడి స్కోరూ ఇక్కడి స్కోరూ పక్కపక్కన పెట్టి పోల్చకండి.

రీడింగ్ పేపర్‌ను మీరే దిద్దండి

ఒక పాత రీడింగ్ పేపర్ ప్రింట్ తీసి, గంట టైమ్ పెట్టి రాయించండి. దిద్దేటప్పుడు పిల్లను పక్కన కూర్చోబెట్టుకోకండి. కూర్చోబెట్టుకుంటే "నేను అనుకున్నది అదే" అంటుంది, మీరు మెత్తబడి మార్కు వేసేస్తారు. పిల్ల పడుకున్నాక, వేరే రంగు పెన్నుతో, మార్క్ స్కీము ముందు పెట్టుకుని దిద్దండి.

రీడింగ్ పేపర్‌లో స్పెల్లింగ్ తప్పులకు మార్కు కోయరు. రాసింది ఏ మాటో తెలిస్తే చాలు. పూర్తి వాక్యం రాయాలని లేదు, పాఠంలోంచి తీసిన మాటలకు కొటేషన్ గుర్తులు పెట్టాలని కూడా లేదు. మన ఇళ్ళలో దిద్దేవాళ్ళు ముందు సున్నా చుట్టేది స్పెల్లింగ్‌కే. ఈ పేపర్ వరకు ఆ చెయ్యి కట్టేసుకోండి.

మార్కులు ఎక్కువగా జారిపోయేది మూడు మార్కుల ప్రశ్నల్లో. ఒక ఉదాహరణ నేనే కల్పించి చెబుతాను. ఎల్లా అనే అమ్మాయి కొత్త స్కూల్ గేటు బయట నిలబడి ఉంది. బ్యాగు పట్టీని వేళ్ళకు చుట్టుకుంటోంది, విప్పుతోంది. లోపలి నుంచి ఎవరో పిలిస్తే నవ్వు తెచ్చిపెట్టుకుంది గానీ అడుగు కదల్లేదు. కాసేపటికి గట్టిగా ఊపిరి పీల్చుకుని, తలెత్తి, గేటు తోసింది. ప్రశ్న: ఈ పేరాను బట్టి ఎల్లా ఎలాంటిదని మీకనిపిస్తోంది? రెండు విషయాలు చెప్పి, పాఠంలోంచి ఆధారం చూపండి.

ఒక అబ్బాయి రాశాడు: "ఎల్లా భయపడుతోంది. చాలా కంగారుగా ఉంది. టెన్షన్ పడుతోంది." చూడ్డానికి మూడు విషయాలు. మార్కర్ కంటికి మాత్రం ఒకటే విషయం మూడుసార్లు. ఒక మార్కు.

ఇంకో అమ్మాయి: "భయపడుతోంది, ఎందుకంటే బ్యాగు పట్టీని వేళ్ళకు చుట్టుకుంటూనే ఉంది." ఒక విషయం, దానికి ఆధారం. రెండు మార్కులు.

మూడో పిల్ల ఆ జవాబే రాసి, కింద "అయినా ధైర్యం ఉన్న పిల్ల" అని చేర్చింది. ధైర్యానికి ఆధారం చూపలేదు. అయినా మూడు మార్కులూ వస్తాయి. ఇలాంటి ప్రశ్నలకు మామూలుగా ఉండే నియమం ఇది: ఒప్పుకోదగ్గ విషయాలు రెండు ఉండి, కనీసం ఒకదానికి ఆధారం ఉంటే పూర్తి మార్కులు. విషయాలు రెండూ ఉండి ఆధారం అసలు లేకపోతే రెండు మార్కులు.

నాలుగో అబ్బాయి అందరికంటే ఎక్కువ రాశాడు. ఎల్లా గేటు దగ్గర నిలబడింది, ఎవరో పిలిచారు, నవ్వింది, ఊపిరి పీల్చుకుంది, లోపలికి వెళ్ళింది అని కథంతా ముచ్చటగా తిరగరాశాడు. చేతిరాత ముత్యాల్లా ఉంది. సున్నా. పాఠంలో ఉన్నదే చెప్పాడు గానీ, దాన్నిబట్టి ఎల్లా గురించి తనకేమనిపించిందో ఒక్క మాట చెప్పలేదు. ఎంత రాస్తే అన్ని మార్కులు అనే అడిషనల్ షీట్ల అలవాటును మనం తెలియకుండానే పిల్లలకు అంటిస్తామని నా అనుమానం. ఇక్కడ దానికి విలువ లేదు. "నాకనిపించింది ఇది, ఎందుకంటే పాఠంలో ఇలా ఉంది" అనే వాక్యాన్ని రెండుసార్లు రాయడం నేర్పితే ఈ ప్రశ్నల్లో సగం పని అయిపోతుంది.

ఇంకో చోట కూడా మనవాళ్ళు దొరికిపోతారు. ఏనుగుల మీద పాఠం ఇచ్చారనుకోండి. తిరుమలలో ఏనుగును దగ్గరగా చూసొచ్చిన పిల్ల తనకు తెలిసినదంతా రాసేస్తుంది. రాసిందంతా నిజమే కావచ్చు. పాఠంలో లేకపోతే మార్కు లేదు.

టిక్ పెట్టే ప్రశ్నల్లో నియమం సూటిగా ఉంటుంది. ఒకటి అడిగితే ఒకటే. ఏదో ఒకటి తగలకపోతుందా అని రెండు పెడితే, అందులో ఒకటి సరైనదైనా మార్కు రాదు. టిక్ బదులు సున్నా చుట్టినా, గీత గీసినా ఫరవాలేదు, ఏది ఎంచుకున్నారో స్పష్టంగా తెలిస్తే చాలు. పాఠంలోంచి ఒక్క మాట వెతికి రాయమంటే ఒక్క మాటే రాయడం అలవాటు చేయించండి. వాక్యమంతా ఎత్తి రాస్తే ఆ మాట ఏదో పిల్లకు తెలిసిందని మార్కర్ ఎలా నమ్ముతాడు? జవాబు కొట్టేసి కొత్తది రాస్తే కొత్తదాన్నే దిద్దుతారు. కొట్టేసి ఊరుకుంటే, చదవడానికి వీలైతే, ఆ కొట్టేసినదాన్నే దిద్దుతారు. అందుకే చివరి నిమిషంలో కంగారుపడి నల్లగా బరికేయొద్దని చెప్పండి.

దిద్దడం అయ్యాక పోయిన మార్కులను విడదీయండి. మార్క్ స్కీములో ప్రతి ప్రశ్నకూ ఒక కోడ్ ఉంటుంది. 2ఎ అంటే మాటకు అర్థం చెప్పడం, 2బి అంటే పాఠంలో ఉన్న సమాచారం వెతికి రాయడం, 2డి అంటే పైకి చెప్పనిదాన్ని ఊహించి చెప్పడం. మార్కుల్లో చాలా భాగం ఈ మూడింట్లోనే ఉంటుంది. నేను చూసినంతలో మన పిల్లలు 2బిలో గట్టివాళ్ళు, 2డి దగ్గరికి వచ్చేసరికి తడబడతారు. మీ పిల్లది ఎక్కడ పోతోందో రెండు పేపర్లు దిద్దితే తెలిసిపోతుంది. 2బిలో పోతుంటే అది తొందరపాటు. 2ఎలో పోతుంటే చదివే పుస్తకాలు పెరగాలి. అది నాలుగు వారాల్లో అయ్యే పని కాదు.

గ్రామర్ పేపర్: చుక్క ఎక్కడ పడిందో కూడా చూస్తారు

రీడింగ్‌లో కనిపించిన ఉదారత ఇక్కడ ఉండదు. ముందు పేర్లు నేర్చుకోవాలి, పిల్లలే కాదు, మీరు కూడా. మనం ఆర్టికల్స్ అని చదువుకున్నవి ఇక్కడ డిటర్మినర్లలో ఒక రకం. వాక్యం మొదట్లో వచ్చి తర్వాత కామా పెట్టించుకునేది ఫ్రంటెడ్ అడ్వర్బియల్. మనం హైస్కూల్లో కుస్తీ పట్టిన పాసివ్ వాయిస్ వీళ్ళకు పదేళ్ళకే వస్తుంది. మీకు తెలిసిన పేరుతో చెబితే పిల్ల పేపర్‌లో ఉన్న పేరును గుర్తుపట్టదు, కాబట్టి స్కూల్ వాడే మాటలే వాడండి.

పట్టిక ఇచ్చి నాలుగు వాక్యాలకు టిక్కులు పెట్టమనే ప్రశ్నలు చాలావరకు మొత్తానికి కలిపి ఒక్క మార్కువే. నాలుగింట్లో మూడు సరైనా సున్నా. అర మార్కులనేవి ఎక్కడా లేవు.

ఈ పేపర్‌లో స్పెల్లింగ్ విషయం కాస్త మెలికగా ఉంటుంది. "ఈ మాట ఏ రకం?" లాంటి ప్రశ్నకు నౌన్, అడ్వర్బ్ అని రాసేటప్పుడు స్పెల్లింగ్ కొంచెం తప్పినా మామూలుగా ఒప్పుకుంటారు. కానీ కాలం మార్చి క్రియ రాయమన్నప్పుడు, బహువచనం అడిగినప్పుడు, ముందో వెనకో అక్షరాలు చేర్చి కొత్త మాట చేయమన్నప్పుడు, రెండు మాటలు కుదించి రాయమన్నప్పుడు స్పెల్లింగ్ సరిగ్గా ఉండాల్సిందే. డు నాట్‌ను డోంట్ చేస్తే అపాస్ట్రఫీ ఎన్, టి మధ్య పడాలి. ఒ, ఎన్ మధ్య పడితే మార్కు పోయినట్టే.

విరామ చిహ్నాలు కంటికి స్పష్టంగా కనిపించాలి. కామా గాల్లో వేలాడితే అది అపాస్ట్రఫీ అనుకుంటారు. చిన్న అక్షరంలాగే ఉండే పెద్ద అక్షరం పెద్ద అక్షరం కాదు. 2017లో సెమికోలన్ మరీ పెద్దగా ఉందనీ, పైకి జరిగిందనీ మార్కులు పోయాయని టీచర్లు పెద్ద గొడవే చేశారు. పదకొండేళ్ళ పిల్లకు సెమికోలన్ ఎక్కడ పెట్టాలో తెలియడమే గొప్ప అని నా అభిప్రాయం, కానీ దిద్దేది నేను కాదు కదా. పంక్చువేషన్ ప్రశ్నల్లో నెమ్మదిగా, నల్లగా, గీత మీద రాయమనండి.

ఆశ్చర్యార్థక వాక్యం విషయంలో ఒక వింత నియమం ఉంది. చివర ఆశ్చర్యార్థకం పెట్టినంత మాత్రాన సరిపోదు. వాక్యం వాట్‌తోనో హౌతోనో మొదలు కావాలి, అందులో క్రియ ఉండాలి. వట్టి "వాట్ ఎ లవ్లీ డే" అని ఆపితే చాలదు, చివర "ఇట్ ఈజ్" అని కూడా ఉండాలి. మామూలు ఇంగ్లిష్‌లో ఎవరూ ఇంత పట్టింపుగా ఉండరు, అయినా పేపర్‌లో ఉంటారు.

20 మాటల స్పెల్లింగ్ పేపర్‌ది ఒకటే పద్ధతి: అక్షరాలన్నీ సరిగ్గా ఉంటే మార్కు, ఒక్కటి తప్పినా లేదు. పెద్ద అక్షరాల్లో రాసినా, చిన్నవీ పెద్దవీ కలిపి రాసినా పట్టించుకోరు. మాట మధ్యలో ఖాళీ వదిలినా, అనవసరంగా గీతో అపాస్ట్రఫీయో పెట్టినా మార్కు పోతుంది. బ్రిటిష్ స్పెల్లింగ్ ఉండాలి. ఆర్గనైజ్‌లో ఎస్ రాసినా జెడ్ రాసినా రెండూ బ్రిటిష్‌లో చెల్లుతాయి కాబట్టి ఒప్పుకుంటారు. కలర్‌లో యు ఎగరగొడితే అది అమెరికా స్పెల్లింగ్. మనం ఇండియాలో నేర్చుకున్నదీ బ్రిటిష్ స్పెల్లింగే కాబట్టి ఇక్కడ మీరు ధైర్యంగా దిద్దొచ్చు, పిల్లలకు అమెరికా అలవాటు యూట్యూబ్ నుంచి వస్తుంది.

రైటింగ్: అంకె ఎందుకు లేదంటే

రైటింగ్‌ను క్లాస్ టీచరే ఏడాది పొడుగునా రాసిన వాటిని చూసి నిర్ణయిస్తారు. డబ్ల్యూటీఎస్ అంటే ఇంకా స్థాయి వైపు నడుస్తున్నట్టు, ఈఎక్స్ఎస్ అంటే అందుకున్నట్టు, జీడీఎస్ అంటే అంతకంటే లోతుగా రాయగలుగుతున్నట్టు. టీచర్ ఇష్టానికి వదిలేసిందీ కాదు. ఏటా కనీసం నాలుగో వంతు స్కూళ్ళకు బయటి మోడరేటర్లు వెళ్ళి పుస్తకాలు తిరగేసి, టీచర్ నిర్ణయం సరైనదో కాదో చూస్తారు.

పేరెంట్స్ ఈవెనింగ్‌లో "రైటింగ్‌లో ఎన్ని మార్కులు వస్తాయి?" అని అడిగితే టీచర్ దగ్గర జవాబు ఉండదు. "ఈఎక్స్ఎస్ జాబితాలో మా అమ్మాయికి ఇంకా ఏవి కనబడలేదు?" అని అడగండి. ఆ జాబితా కూడా గవ్.యూకేలోనే ఉంది. చదివే మనిషిని బట్టి రాయడం, కాలాలు కలగాపులగం కాకుండా చూసుకోవడం, కథలో సంభాషణతో పాత్ర స్వభావం చూపించి కథను నడపడం, ఇయర్ 5, 6 జాబితాలోని మాటల స్పెల్లింగులు, కలిపిరాత. ఇంత స్పష్టంగా అడిగితే టీచర్ కూడా స్పష్టంగా చెబుతారు. ట్యూషన్‌లో దిద్దించి తెచ్చిన వ్యాసం ఇక్కడ పనికిరాదు, పిల్ల సొంతంగా రాసిందే లెక్క.

చిన్నవాళ్ళు కూడా ఉంటే

ఇయర్ 1లో జూన్‌లో ఫోనిక్స్ చెక్ ఉంటుంది, అంటే అక్షరాల శబ్దాలు కలిపి మాట చదవగలరో లేదో చూసే పరీక్ష. 40 మాటలు టీచర్‌కు పైకి చదివి వినిపించాలి. వాటిలో 20 అర్థం లేని ఉత్తుత్తి మాటలు, పక్కన ఏలియన్ బొమ్మతో ఉంటాయి. కొన్నేళ్ళుగా గీత 32 దగ్గరే ఉంటోంది. బాగా చదివే పిల్లలే ఈ ఉత్తుత్తి మాటల్లో దొరికిపోతారు, అక్షరాలను అటూ ఇటూ మార్చి తమకు తెలిసిన మాటగా చదివేస్తారు. మీ పిల్ల మాట యాసగా ఉంటుందని బెంగ వద్దు, టీచర్లు యాసను దృష్టిలో పెట్టుకునే వింటారు.

ఈ మధ్యే ఇండియా నుంచి వచ్చి ఇయర్ 6లో చేరిన పిల్ల అయితే టీచర్‌తో ముందే మాట్లాడండి. రీడింగ్ పేపర్‌ను తెలుగులోకి అనువదించి చెప్పడానికి వీల్లేదు. ఇంగ్లిష్ ఇంకా పరీక్ష స్థాయికి రాలేదని స్కూల్ తేల్చితే ఆ పరీక్ష రాయించకుండా ఉండే వీలుంది.

జూలైలో ఏం చేయాలి

ముందు గుర్తుంచుకోవాల్సింది, సెకండరీ స్కూల్ సీటు సంగతి మార్చి 1నే తేలిపోయింది. సాట్స్ రాసేది మేలో. ఈ అంకెలతో ఆ సీటు మారదు. కొత్త స్కూల్ పిల్లలను స్థాయిని బట్టి సెట్లుగా, అంటే గుంపులుగా, విడదీసేటప్పుడు చూడొచ్చు, అంతే.

స్కోర్ 98, 99 దగ్గర ఆగి, మీకు అనుమానంగా ఉంటే స్కూల్‌ను అడగండి. దిద్దిన పేపర్లు స్కూళ్ళకు ఆన్‌లైన్‌లో తిరిగి వస్తాయి. వాటిని మార్క్ స్కీముతో సరిచూసి, తప్పు దిద్దారనిపిస్తే రివ్యూ కోరే హక్కు స్కూల్‌కే ఉంటుంది, తల్లిదండ్రులు నేరుగా పెట్టుకోలేరు. రివ్యూలో ఫలితం మారకపోతే స్కూల్ ఫీజు కట్టాల్సి రావచ్చు, అందుకే హెడ్ టీచర్ ఊరికే ఒప్పుకోరు. ఏ ప్రశ్నలో, మార్క్ స్కీములో ఏ లైను ప్రకారం మార్కు రావాలో చూపించి అడగండి. గడువు జూలైలోనే ముగుస్తుంది, వేసవి సెలవులు కూడా అప్పుడే మొదలవుతాయి. కాబట్టి రిపోర్టు వచ్చిన వారంలోనే స్కూల్ ఆఫీసుకు మెయిల్ పెట్టండి.